బావి దెయ్యాన్ని పర్మనెంటు చేయండి!

ఆరోగ్యశాఖను ఎత్తేయాలి!

ఉలిక్కిపడకండి. ఇది కోపంలో అంటున్న మాట కాదు. పొద్దున్నే ఉగ్గాని బజ్జీ తిని, టీ తాగి, చాలా స్థిమితంగా ఆలోచించి అంటున్నాను. ఆ శాఖను ఎత్తేసి, దాని జీపులూ, సూదులూ, గోడల మీద నినాదాలు రాసే రంగు డబ్బాలూ సమస్తం దెయ్యాల సినిమాలు తీసేవాళ్ళకు అప్పగించాలి. బాగా పనిచేసిన దెయ్యాలను పర్మనెంటు కూడా చేయాలి.

మీరు నవ్వుతున్నారని నాకు తెలుసు. చదువుకున్నవాళ్ళు దెయ్యం సినిమా అనగానే మూతి విరుస్తారు. జనం మూఢులైపోతున్నారంటారు. పిల్లలు పక్క తడుపుతున్నారంటారు. అయ్యా, పక్క తడిస్తే ఎండేసుకోవచ్చు. మనిషే పోతే ఏ దండెం మీద ఆరేస్తారు?

నేను ఆదోనిలో కాపురముంటున్న మామూలు ప్రేక్షకుణ్ణి. కానీ ఆదోనిలోనూ ఎమ్మిగనూరులోనూ పదిహేనేళ్ళుగా ఆడిన ప్రతి దెయ్యం సినిమానూ నేల టిక్కెట్టులో కూర్చుని చూసినవాణ్ణి. ఈ విషయంలో నాకున్నంత పరిశోధన ఏ యూనివర్సిటీలోనూ లేదు. దాని సారం ఒక్క ముక్కలో చెప్పేస్తాను. ఊళ్ళో ఏ రోగం ఉంటే తెర మీద ఆ దెయ్యమే ఆడుతుంది!

నిజం చెప్పాలంటే ఈ సిద్ధాంతం నాది కాదు. ఎమ్మిగనూరులో టూరింగ్ టాకీసు నడిపే గఫూర్ సాబ్‌ది. సినిమా పెట్టె తెప్పించే ముందు ఆయన బస్టాండుకు పోయి, కోసిగి బస్సు దిగినవాళ్ళనూ ఆదోని బస్సు దిగినవాళ్ళనూ వరసగా ఆపి అడుగుతాడు: "ఏమప్పా, మీ దిక్కు ఏం బీమారి నడుస్తాంది?" జ్వరాలంటే ఒక సినిమా. బేదులంటే ఇంకో సినిమా. అందరూ బాగున్నామంటే మాత్రం పాపం ఆయన మొహం వాడిపోతుంది. "ఐతే ఈ వారం దేవుని సినిమానే దిక్కు" అని తలపట్టుకుంటాడు.

"రోగం లేని ఏడు దెయ్యం ఆడదు సామీ" అని ఒకసారి నాకు పాఠం చెప్పాడు. "మనిషికి లోపల బయం ఉంటాది. దానికి మొగం ఉండదు. మొగం ల్యాకనే మనిషి నిద్ర పోడు. మనం తెర మింద దానికొక మొగం తగిలిస్తాం. అంతే ఏపారం."

ఎంత మాట! ఇదే మాట ఏ ఫారిన్ ప్రొఫెసరో అని ఉంటే మనం సన్మానం చేసేవాళ్ళం. గఫూర్ సాబ్ కాబట్టి టిక్కెట్టు కొని లోపలికి పోయాం.

కండ్లకలక వచ్చిన సంవత్సరం గుర్తుందా? డెబ్భై ఒకటో, రెండో. ఆ ఏడు ఆదోని డేరాలో ఆడిన దెయ్యానికి నిప్పుల్లాంటి ఎర్రటి కళ్ళు. తెర మీద అది కళ్ళు తెరవగానే జనం కెవ్వుమన్నారు. ఇంటర్వెల్‌లో లైట్లేశారు. చూస్తే డేరాలో అందరివీ అవే కళ్ళు! ఆస్పరి నుంచి వచ్చిన ఒక పెద్దమనిషికి మాత్రం ఇంకా అంటుకోలేదు. తెల్లటి కళ్ళతో అటూ ఇటూ చూసి, తాను ఎవరి మధ్య కూర్చున్నాడో గ్రహించి, చెప్పులు వదిలేసి పారిపోయాడు. అంతకుముందు వారం రోజులుగా మునిసిపాలిటీ బండి మైకు పెట్టి గుంపుల్లోకి పోవద్దని అరుస్తూనే ఉంది. ఎవరైనా విన్నారా? ఆ పెద్దమనిషి విన్నాడు. మైకు మాట కాదు, దెయ్యం మాట.

వాంతిబేదుల ఏడు సంగతి ఇంకా గొప్పది. ఆ ఏడు సినిమాలో దెయ్యం అన్నం వడ్డిస్తుంది. చక్కగా కొసరి కొసరి వడ్డిస్తుంది. తిన్నవాడు చెంబు పట్టుకుని చెరువు గట్టుకు పోతాడు, తిరిగి రాడు. అంతే, బజారులో తినేవాడు లేడు! బజ్జీల బండి బసన్నకు ఈగలు పడకుండా మూత పెట్టమని శానిటరీ ఇన్‌స్పెక్టరు ఎన్నిసార్లు చెప్పాడో ఆయనకే తెలియదు. సినిమా వచ్చిన మూడో రోజుకు బసన్న అద్దాల పెట్టె చేయించాడు. "బజ్జీల మింద దెయ్యం చెయ్యి పడకుండా" అని గిరాకీలకు చూపించి మరీ అమ్మాడు. ఈగలకు ఈ విషయం తెలియక అద్దం బయట చాలారోజులు కాపలా కాశాయి.

దగ్గే దెయ్యం వల్ల నేను స్వయంగా లాభపడ్డాను. అది రాబోయే ముందు చీకట్లో దగ్గు వినిపిస్తుంది. క్షయ అంటే గుండె జారిపోయే మనుషులం కదా, దగ్గు వినగానే డేరాలో అందరూ ఒకరికొకరు దూరంగా జరిగేవాళ్ళు. ఆ సినిమా ఆడినన్నాళ్ళూ ఎమ్మిగనూరు బస్సులో నేను ఎక్కి రెండుసార్లు ఖళ్ళుమంటే చాలు, కిటికీ పక్క సీటు ఖాళీ. మూడోసారి దగ్గితే పక్క సీటు కూడా ఖాళీ. అంత మర్యాద నాకు నా పెళ్ళిలో కూడా జరగలేదు!

ఒక్కసారి మాత్రం గఫూర్ సాబ్ లెక్క తప్పింది. ఎమర్జెన్సీ రోజులు. కుటుంబ నియంత్రణ ఆపరేషన్ల జీపు చప్పుడైతే మగవాళ్ళు జొన్నచేలల్లో దాక్కునే కాలం. పాపం ఆయన తెలియక ఒక పిచ్చి డాక్టరు సినిమా తెప్పించాడు. దెయ్యం వచ్చింది, జనం కదల్లేదు. పిశాచం వచ్చింది, పల్లీలు వలుచుకుంటూ చూశారు. తరువాత తెల్లకోటు వేసుకుని, చేతిలో సూది పట్టుకుని డాక్టరు వచ్చాడు. తెర మీద ఆయన ఒక్క అడుగు ముందుకు వేశాడో లేదో, నేల టిక్కెట్టు మొత్తం డేరా గుడ్డ కింద నుంచి దొర్లుకుంటూ మాయం! మర్నాడు గఫూర్ సాబ్ మైకులో ప్రకటన ఇచ్చుకోవలసి వచ్చింది. "మారిన సినిమా! ఈ సినిమాలో డాక్టర్లు లేరు, సూదులు లేవు. దెయ్యాలు మాత్రమే ఉండాయి. ధైర్నంగా రండి!"

సరే, ఇదంతా పీఠిక. నా వాదనకు అసలు ఆధారం మా చెల్లెలు దేవక్క కాలు.

దేవక్కను పెద్దకడుబూరు అవతల ఒక పల్లెకిచ్చాం. ఆ పల్లె పేరు రాయను. రాస్తే అక్కడి పిల్లగాళ్ళకు ఎవరూ పిల్లనివ్వరు. ఎందుకంటే అది నారికురుపు ఊరు. నారికురుపు అంటే తెలియని అదృష్టవంతుల కోసం చెబుతున్నాను. కాలి మీద బొబ్బ లేస్తుంది. అది పగిలి, లోపలి నుంచి తెల్లదారం లాంటి పురుగు తల బయట పెడుతుంది. గట్టిగా లాగితే తెగుతుంది, తెగితే కాలంతా చీము. అందుకని ఒక పుల్లకు చుట్టుకుంటూ, అది ఎంత వస్తే అంత, ఓపికగా వారాల తరబడి బయటికి తీయాలి. మగ్గాల ఊరు ఎమ్మిగనూరు దగ్గరే ఉంది కదా అని ఆశపడకండి, ఆ దారం నేతకు పనికిరాదు.

ఆ ఊరికంతా తాగే నీళ్ళకు ఒకటే దిగుడుబావి. కురుపున్న మనిషి మెట్లు దిగి, నీళ్ళలో నిలబడి బిందె ముంచుతాడు. చల్లటి నీళ్ళు తగిలితే కాలి మంట తగ్గుతుంది, అందుకని కాస్త ఎక్కువసేపే నిలబడతాడు. ఆ సందులో పురుగు తన పిల్లల్ని నీళ్ళలో వదిలేస్తుంది. ఆ నీళ్ళు తాగినవాళ్ళకు ఏడాది తిరిగేసరికి కాలి మీద బొబ్బ. మళ్ళీ మెట్లు, మళ్ళీ నీళ్ళు.

ఇంకొక విశేషముంది. ఆ పురుగుకు క్యాలెండరు తెలుసు. సుగ్గికి, అంటే గుంటూరు వైపు మిరపకాయల కోతకు, కూలీలను తీసుకుపోయే లారీ ఊళ్ళోకి వచ్చే రోజులకు సరిగ్గా బయటికొస్తుంది. ఆ లారీ ఎక్కితేనే ఎండాకాలం దేవక్క పొయ్యి మీద రొట్టె. ఎనభై మూడులో ఆమె మొగుడు తిక్కయ్య పిల్లల్ని ఎక్కించుకుని లారీలో పోతుంటే, దేవక్క అరుగు మీద కాలు చాపుకుని, వేళ్ళ మధ్య పుల్ల పట్టుకుని చూస్తూ కూర్చుంది. చెయ్యి ఊపడానికి కూడా లేదు. ఊపితే దారం తెగుతుంది.

హెల్త్ అసిస్టెంటు పౌలు ఆ ఊరికి సైకిలు తొక్కి తొక్కి టైర్లు అరగదీశాడు. మెట్లు దిగొద్దన్నాడు. నీళ్ళు గుడ్డతో వడగట్టమన్నాడు. అట్ట మీద పురుగు బొమ్మ వేయించి తెచ్చి చూపించాడు. తిక్కయ్య ఆ బొమ్మను ఎత్తి పట్టుకుని, "బాగ గీసినాడప్పా, శానా కష్టపడినాడు" అని మెచ్చుకున్నాడు. అందరూ శ్రద్ధగా విన్నారు, పౌలుకు ఆ బావి నీళ్ళతోనే మజ్జిగ కలిపి ఇచ్చారు, బిందెలు తీసుకుని మెట్లు దిగారు. ఆ మజ్జిగను పౌలు ఏం చేసేవాడో నేను అడగలేదు.

మాకొక బోరు వేయించండి, ఈ బావి మెట్లు పూడ్చేయండి అని ఊరివాళ్ళు అర్జీల మీద అర్జీలు పెట్టారు. ఆఫీసువాళ్ళు "పరిశీలనలో ఉంది" అన్నారు. చాలా లోతుగా పరిశీలించారు. అంత లోతు భూమిలోకి పోయి ఉంటే ఎప్పుడో నీళ్ళు పడేవి!

సరిగ్గా అప్పుడు, ఎనభై నాలుగు జాతరకు, గఫూర్ సాబ్ డేరాలోకి ఆ సినిమా వచ్చింది. పేరు చెప్పలేను. జాతరకొచ్చిన మేక ఒకటి పోస్టరు మీది పేరంతా నాకేసింది. మైదా గంజి దానికి బాగా నచ్చినట్టుంది. ఒక బావి, అందులోంచి పైకి లేస్తున్న ఒక చెయ్యి మాత్రం మిగిలాయి. జనానికి అవి చాలు. దేవక్క ఊరు ఊరంతా బండ్లు కట్టుకుని వచ్చింది.

కథ వినండి. బావిలో ఆడదెయ్యం. మెట్లు దిగినవాళ్ళ కాలు పట్టుకుంటుంది. ఆ నీళ్ళు తాగితే ఒంట్లో దూరుతుంది. కొన్నాళ్ళకు కాలి లోపలి నుంచి పొడుగాటి తెల్లవెంట్రుకగా బయటికొస్తుంది!

వెంట్రుక బయటికి రాగానే మిగతా ఊళ్ళవాళ్ళు కేకలు పెట్టారు. దేవక్క ఊరివాళ్ళు పెట్టలేదు. ఎవరి కాలు వాళ్ళు చూసుకున్నారు.

ఆఖరి రీలులో మాంత్రికుడొచ్చి దెయ్యాన్ని సీసాలో బంధిస్తాడట. ఆ రీలు గఫూర్ సాబ్ ఏ సినిమాకూ వేయడు. వేస్తే ఆఖరి బస్సు తప్పిపోతుంది, జనం డేరాలోనే పడుకుంటారు. కాబట్టి మా ప్రాంతంలో ఇంతవరకూ ఏ దెయ్యమూ చావలేదు. ఈ దెయ్యం కూడా నిక్షేపంగా బావిలోనే ఉండిపోయింది. గఫూర్ సాబ్ ఎగ్గొట్టిన ఆ ఒక్క రీలు మా జిల్లా ఆరోగ్య చరిత్రనే మార్చేసింది!

మర్నాడు పొద్దున ఒక్కరూ మెట్లు దిగలేదు. మెట్లకు అడ్డంగా ముళ్ళకంప కొట్టారు. దూలం వేసి గిలక కట్టారు. దెయ్యం మెట్లెక్కగలదు కానీ తాడెక్కలేదని పెద్దలు తీర్మానించారు. తోడిన నీళ్ళను పాతచీర నాలుగు మడతలేసి వడగట్టారు, వెంట్రుకలు గుడ్డకు చిక్కుకోవాలి కదా. ఆ గుడ్డను బావికి దూరంగా బండ మీద ఎండకు పరిచారు. దెయ్యం ఎండిపోవాలి కదా!

పౌలు వచ్చాడు. అట్టబొమ్మ సంకలో పెట్టుకుని, గిలక వైపూ గుడ్డ వైపూ నోరు తెరుచుకుని చూశాడు.

"ఏమైందక్కా మీకు?" అన్నాడు.

"బాయిలో అది ఉండాది గదప్పా, నీకు తెలీదా?" అంది దేవక్క.

పౌలు సంకలోని అట్టను బొమ్మ కనిపించకుండా తిప్పి పెట్టుకున్నాడు. "ఉండాదక్కా" అన్నాడు. "శానా చెడ్డది."

అది ఆయన ఆ ఊరికి చెప్పిన మొదటి అబద్ధం. జనం నమ్మిన మొదటి మాట కూడా అదే.

ఆ ఏడు లోపలున్న పాత పురుగులు బయటపడ్డాయి. ఆ మరుసటేడు ఒక్కటీ లేదు! దేవక్క తన కాళ్ళ మీద తాను నడిచి లారీ ఎక్కింది. కోతలు ముగించుకుని తిరిగి వస్తూ కాళ్ళకు వెండిగొలుసులు కొనుక్కుంది. ఆమె మా ఇంటికి వచ్చిన రోజు వాకిట్లో ఆ గొలుసుల చప్పుడు వినగానే నాకు కళ్ళనీళ్ళు తిరిగాయి. వేళాకోళాలు రాసేవాడికి ఏడుపు రాకూడదని ఎక్కడా లేదు కదా.

ఇప్పుడు చెప్పండి, పర్మనెంటు చేయాలా వద్దా? జీతం లేదు, జీపు లేదు, టీఏ డీఏ లేదు. సెలవు కూడా అడగకుండా పగలూ రాత్రీ బావిలోనే డ్యూటీ!

కానీ ఊరికి జ్ఞానోదయం కలగాలని రాసిపెట్టి ఉంది. అది జీపులో వచ్చింది.

ఆదోని నుంచి ఒక పెద్ద ఆఫీసరు. పేరెందుకు, మనిషి మంచివాడే. బోరు పరిశీలన జరుగుతున్నది ఆయన టేబులు మీదనే. ఒక ఊరు ఊరంతా దెయ్యానికి భయపడి బావి మెట్లు దిగడం లేదని వినగానే ఆయన మనసు కలుక్కుమంది. ఈ కాలంలో కూడా ఇంత మూఢత్వమా! వెంటనే బావి పక్కన షామియానా వేయించాడు. మైకు పెట్టించాడు. సభ నిండుగా ఉండాలని చుట్టుపక్కల పల్లెల నుంచి జనాన్ని ట్రాక్టర్లలో తోలించాడు. వాళ్ళతో పాటు కురుపులకు కట్లు కట్టిన వాళ్ళ కాళ్ళు కూడా వచ్చాయి.

పౌలు ఆయన చెవి దగ్గరికి వంగి, "సార్, ఆ బయం ఉండనియ్యండి సార్. బోరు పడేదాక ఉండనియ్యండి" అన్నాడు.

"ఆరోగ్యశాఖలో పనిచేస్తూ దెయ్యాన్ని సపోర్టు చేస్తావా?" అని ఆఫీసరు గర్జించాడు. అది మైకులో అందరికీ వినిపించింది. అందరూ చప్పట్లు కొట్టారు.

ఆయన ముళ్ళకంప తీయించాడు. బూట్లు విప్పాడు. ప్యాంటు మడిచాడు. సైన్సు జిందాబాద్ అంటూ మెట్లు దిగి, నీళ్ళలో నిలబడి, దోసిలితో తాగాడు. "ఏదీ దెయ్యం? ఏదీ?" అన్నాడు. దెయ్యం నోరెత్తలేదు. తరువాత పైన తాడు పట్టుకుని నిలబడ్డ దేవక్కను చూసి, "రామ్మా, భయపడకు" అని చెయ్యి చాపాడు. అంతటి మనిషి అందరిముందూ పిలిస్తే రానని ఎట్లా అంటుంది? గొలుసులు తడవకుండా చీర కుచ్చెళ్ళతో పాటు పైకి లాక్కుని దిగింది. ఆమె వెనక ఊరు దిగింది. ట్రాక్టర్లలో వచ్చినవాళ్ళు కట్లు విప్పుకుని మరీ దిగారు. కాలి మంట కదా, నీళ్ళు హాయిగా ఉన్నాయట.

అక్కడితో ఆగినా ఆయనకు గండం గడిచేది, కట్లు విప్పినవాళ్ళు దిగకముందే తాగాడు కదా. కానీ ఫోటోలో ఆయన కళ్ళు మూసుకుని వచ్చాడు. మూఢత్వం మీద యుద్ధం కళ్ళు మూసుకుని చేస్తే ఏం బాగుంటుంది? అందుకని ఒక నెల తిరిగాక మళ్ళీ వచ్చి, మళ్ళీ దిగి, మళ్ళీ తాగాడు. ఎడమవైపు నుంచి ఒక ఫోటోకు, కుడివైపు నుంచి ఒక ఫోటోకు. ఈసారి ఫోటోలు దివ్యంగా వచ్చాయి. దోసిట్లో నీళ్ళు మెరుస్తూ కూడా కనిపించాయి.

ఊరికి భయం పోయింది. గిలక తుప్పు పట్టింది. తాడుతో తోడితే భుజాలు లాగుతాయి, మెట్లుండగా ఎవరికి కావాలి? పాతచీర మళ్ళీ పిల్లల పక్కబట్ట అయింది.

ఏడాది తిరిగింది. లారీ హారన్ కొట్టే రోజులకు దేవక్క కాలి మీద, సరిగ్గా గొలుసుకు పైన, బొబ్బ లేచింది. ఆమె గొలుసు విప్పి పెట్టెలో పెట్టింది. లారీ పోయింది.

అదే వారం ఆదోనిలో ఆఫీసరు గారి కాలి మీద కూడా బొబ్బ లేచింది! పురుగుకు హోదా తెలియదు. పెద్ద పెద్ద డాక్టర్లు చూశారు. ఎక్స్‌రేలు తీశారు. నరమన్నారు, వాపన్నారు. చివరికి అది పగిలి తల బయట పెట్టింది. ఆ తలను చూసి ఆయన భార్య వేసిన కేక లాంటిది గఫూర్ సాబ్ డేరాలో కూడా నేను వినలేదు. పౌలును పిలిపించి పుల్లకు చుట్టించారు.

ఇక చూడండి మహిమ! ఆయన ఉండే ఆఫీసర్ల కాలనీకి దిగుడుబావి లేదు. ఇంటింటికీ కుళాయి ఉంది. అయినా కాలనీలో ఒక్కరూ కుళాయి నీళ్ళు ముట్టలేదు. పిల్లలకు సోడాలతో స్నానం చేయించారని కూడా చెప్పుకున్నారు. వారం తిరక్కుండా బోరు లారీ వచ్చింది. అర్జీ లేదు, పరిశీలన లేదు. చకచకా బోరు వేసి, పంపు బిగించి, చుట్టూ సిమెంటు అరుగు కూడా కట్టారు.

ఎక్కడనుకున్నారు? కాలనీలోనే!

కాబట్టి పాఠకులారా, నా మనవిని కొంచెం సవరించుకుంటున్నాను. మనం ఇన్నాళ్ళూ దెయ్యం సినిమాలను నేల టిక్కెట్టు వాళ్ళకు చూపించి వృథా చేశాం. బావిలో ఏముందో వాళ్ళకు ముందే తెలుసు, రోజూ తాగుతున్నారు. చూపించవలసింది కుర్చీ టిక్కెట్టు వాళ్ళకు.

మొన్న దేవక్క ఊరికి పోయి ఈ సంగతంతా చెప్పాను. కాలనీలో బోరు పడిన వైనం చెప్పాను, సిమెంటు అరుగు సంగతీ చెప్పాను. ఆమె అరుగు మీద కాలు చాపుకుని అంతా విన్నది. పుల్లను జాగ్రత్తగా ఇంకొక చుట్టు తిప్పింది.

"యా కాలికి వచ్చిందన్నా ఆ సారుకు?"

"ఎడమ కాలికి."

"ఐతే కుడిది మంచిగానే ఉండాది గదా" అంది దేవక్క. "ఇంగొక తూరి ఫోటోకని సెప్పి ఆయప్పను పిల్చుకోని రాన్నా. ఒక కాలికి వాళ్ళ వాకిట్లో బోరు పడింది. రెండో కాలికన్నా మా ఊర్లో పడకపోతాదా?"